ఆండాళమ్మ దగ్గు మీద అప్పీలు

చిక్కడపల్లి,
8 ఫిబ్రవరి 1969

చిరంజీవి జోగారావుకు,

ఆయురారోగ్యాలతో పాటు, అక్కయ్య ఉత్తరాలకి వెంటనే జవాబు రాసే బుద్ధి కూడా నీకు కలగాలని దీవిస్తున్నాను. సుబ్బలక్ష్మి నడుంనొప్పి ఎలా ఉంది? ఆముదం రాసి కాపడం పెట్టుకోమను. భీమవరంలో ఉన్న డాక్టర్లందరికీ ఆ నడుం చూపించొద్దు.

ఇక్కడ నేను బాగానే ఉన్నాను. నా రోళ్ళే బాగాలేవు. నవ్వకుండా చదువు. నీ అక్కయ్య మీద కోర్టులో దావా పడింది.

మొన్న మంగళవారం బాలనాగమ్మా ఈదమ్మా పెరట్లో కారం దంచుతున్నారు. నేను పక్కన కూర్చుని జల్లెడ పడుతున్నాను. ఇంతలో ఒక మనిషి కండువా ముక్కుకి అడ్డం పెట్టుకుని లోపలికొచ్చాడు. కోర్టు బంట్రోతట. ముందు తనివితీరా తుమ్మాడు, తరవాత కాగితం చేతికిచ్చాడు. "దావా తేలేదాంక ఈ ఇంట్ల ఎవ్వరు మిరపకాయలు దంచొద్దని జడ్జిగారి ఆర్డరమ్మా. ఈడ దస్కత్ చెయ్యుండ్రి" అన్నాడు. సంతకం చేశాను. బాలనాగమ్మ ఎత్తిన రోకలి ఎత్తినట్టే పట్టుకుని నా మొహం చూస్తూ నిలబడిపోయింది.

వేసింది ఎవరనుకున్నావు? పక్కింటి రాఘవేందర్. మీ బావగారి సంవత్సరీకానికి నువ్వొచ్చినప్పుడు, తిరుగు ప్రయాణంలో నీకు కాచిగూడ స్టేషనుకి రిక్షా మాట్లాడిపెట్టాడే, ఆ బ్యాంకు అబ్బాయి. వాళ్ళమ్మ ఆండాళమ్మగారికి ఉబ్బసం. రెండు పెరళ్ళకీ మధ్య నడుమెత్తు గోడ ఒక్కటే అడ్డం. నేను దంచిన రోజున ఆవిడకి ఊపిరాడటం లేదని అతని ఫిర్యాదు. ఆవిడ దగ్గుతుందని నాకు తెలియదా? ఈ ఇంట్లో దిగిన ఏడాదినుంచీ పొద్దున్నే శొంఠి మిరియాల కషాయం కాచి ఆ గోడమీదనుంచి ఆవిడకి అందిస్తున్నది నేను కాదా? కొడుకు కోర్టుకెళ్ళాడన్న సంగతి పాపం ఆవిడకి తెలియనే తెలియదు. నిన్న కూడా కషాయం తాగి, "హైమమ్మా, నీ చేతిల దేవుడున్నడు" అంది.

గిర్నీలో, అదే మరలో, ఆడించుకోరాదా అంటావేమో. గిర్నీలో కారం వేడెక్కి కమురు కంపు కొడుతుంది. అశోక్‌నగర్‌లో, నారాయణగూడలో నా దగ్గర కొనే ఇళ్ళవాళ్ళు రోటి కారం అనే కొంటున్నారు. ఇంకో చోట దంచుకోరాదా అంటావేమో. నా రోళ్ళు నేలలో పాతి ఉన్నాయి. ఉన్నచోటే వద్దని కోర్టు చెప్పాక, కొత్తగా రమ్మని ఎవరు పిలుస్తారు?

ఇప్పుడే కొత్త కాయ దిగే రోజులు. వానలు పడేలోగా ఏడాది కారం దంచి జాడీల కెత్తుకోవాలి. లేకపోతే బస్తాలకి బూజు పడుతుంది, కొనేవాళ్ళు వేరే దారి చూసుకుంటారు. ఈ పని పోతే నాకు ఈ ఊళ్ళో ఉండటానికి దారి లేదు. మీ బావగారు పోయాక నా కాళ్ళమీద నన్ను నిలబెట్టింది ఈ రెండు రోళ్ళే కదా.

నాకు బోధపడనిది ఒకటే. నన్ను పిలవలేదు, నా మాట వినలేదు, దావా ఇంకా మొదలైనా కాలేదు. అప్పుడే వద్దని తీర్పెలా చెప్పారు? పెళ్ళిచూపులు కాకుండానే అప్పగింతలు పెట్టినట్టుంది. నువ్వు ఇన్నేళ్ళుగా చేసే ప్లీడరీ ఇదేనా నాయనా?

త్వరగా రాయి.

తుమ్ములు లేని ఇంట్లో ఊరికే కూర్చున్న
అక్కయ్య హైమ


భీమవరం,
15 ఫిబ్రవరి 1969

పూజ్యురాలైన అక్కయ్యకు,

నీ ఉత్తరం అందిన పూటే కలం పట్టాను. ఇది నువ్వు గమనించాలి. సుబ్బలక్ష్మి నడుం నీ ఆముదానికి లొంగింది, కానీ తలగడలన్నీ జిడ్డయ్యాయి.

నీమీద వచ్చింది తీర్పు కాదు, కంగారుపడకు. దావా తేలడానికి ఏళ్ళు పడుతుంది. ఆలోగా జరగకూడనిది జరిగిపోతుందేమోనని కోర్టు మధ్యలో ఇచ్చే ఉత్తర్వు ఇది. మరీ తొందర ఉందని వాది నమ్మించగలిగితే ఎదుటివాళ్ళని పిలవకుండానే ఇచ్చేస్తారు. దాన్నుంచి బయటపడటానికి రెండు దారులున్నాయి. అదే జడ్జిగారి దగ్గరికి వెళ్ళి మన మాట చెప్పుకుని, రద్దు చెయ్యమని అడగడం ఒకటి. పై కోర్టుకి అప్పీలు వెళ్ళడం రెండోది. మధ్యలో వచ్చే ఉత్తర్వులన్నిటి మీదా అప్పీలు ఉండదు, ఇలా వద్దని ఆపే ఇంజంక్షను మీద ఉంటుంది. నేనైతే తిన్నగా అప్పీలే అంటాను. మెట్ల దగ్గర నిలబడి మాట్లాడటం నాకు పడదు.

నారాయణగూడలో విఠల్‌రావని ఒక ప్లీడరు ఉన్నాడు. వెంటనే వెళ్ళి కలుసుకో. ఒక కేసులో అతను నా ఎదుటి పక్షం. నన్ను ఓడించాడు కాబట్టి మంచి ప్లీడరేనని నా నమ్మకం.

ఇక అసలు సంగతి. మీ ఊళ్ళో తెలంగాణా గొడవలు రోజూ పేపర్లో చదువుతున్నాను. బందులట, బస్సులు లేవట, మనవాళ్ళని వెళ్ళిపొమ్మంటున్నారట. పదేళ్ళు నీ కషాయం మింగిన ఇంటివాళ్ళు ఇవాళే ఎందుకు కోర్టుకెక్కారు? ఆ రాఘవేందర్ దావా వెనక ఉన్నది వాళ్ళమ్మ దగ్గు కాదు, మన కోస్తా ఊరి పేరు. ఈ మాట కాగితంలో గట్టిగా రాయిస్తాను.

అన్నిటికన్న తేలిక దారి ఇంకొకటుంది. వచ్చెయ్యి. మా వెనక గది ఖాళీగానే ఉంది. తమ్ముడుండగా నీకు ఆ ఊళ్ళో ఒంటరిగా ఈ పరేషాన్ ఎందుకు? చూశావా, నీ ఉత్తరాలు చదివి చదివి నాకూ ఆ భాష పట్టుబడింది.

నీ ఆజ్ఞకోసం ఎదురుచూసే
జోగారావు


చిక్కడపల్లి,
12 మార్చి 1969

చిరంజీవి జోగారావుకు,

ఆశీస్సులు. ముందు చీవాట్లు తిని, తరవాత ఇవి అందుకో.

రాఘవేందర్ దావా వెనక వాళ్ళమ్మ దగ్గే ఉంది. ఇంకేం లేదు. మొన్న బందు రోజున కూరలు దొరక్క నేను పప్పుతో సరిపెట్టుకుంటుంటే, అతని భార్య మనోరమ గోడమీద తోటకూర కట్ట పెట్టి లోపలికెళ్ళింది. దావా వేసిన ఇంటి తోటకూర తినొచ్చా అని నిన్ను అడగకుండానే వండుకున్నాను. ఊరి గొడవలకి ఊరిలో కారణాలు ఉండే ఉంటాయి, పెద్దవాళ్ళు తేల్చుకుంటారు. వాటిని మా గోడ మీదికి నువ్వు మోసుకురాకు. ఆ మాట కాగితంలో ఒక్క ముక్క ఉన్నా నేను సంతకం చెయ్యననీ, నీకు ఈ ఏడు ఆవకాయ కూడా పంపననీ మొన్న కార్డు రాసింది అందుకే.

మొన్న వీధి మొదట్లో రాఘవేందర్ తల దించుకుని తప్పుకుపోతుంటే నేనే ఆపాను. "ఏం నాయనా, నామీద నీ దావా కులాసాగా నడుస్తోందా?" అని అడిగాను.

"గట్లనకుండ్రి అమ్మా. దావా ఏసే ముందల, మీరు దంచిన దినం రాత్రి అమ్మకు దమ్ము ఆగినంత పనైంది. బుగులు పుట్టింది" అన్నాడు.

"మరి నాతో ఒక్క మాట చెప్పరాదా?"

"ఎట్ల చెప్పాలె? మీకు గదే బతుకుదెరువాయె. బంద్ చెయ్యమని మీ మొఖం మీద అడగనీకె నాకు నోరు రాలె. జడ్జి చెప్తే మీకు నామీద కోపముండదనుకున్న."

విన్నావా? మొహమాటపడి కోర్టుకెళ్ళిన మనిషిని నేను ఇతన్నే చూశాను. కోప్పడదామనుకున్నదాన్ని, నవ్వొచ్చి ఊరుకున్నాను.

విఠల్‌రావుగారు మంచి మనిషి. గది నిండా పుస్తకాలు, వాటి మధ్య మరచెంబు. నీ తొందర ఆయనకి నచ్చలేదు. ముందు అదే జడ్జి దగ్గర చెప్పుకుందామన్నారు. చెప్పుకున్నాం. రాఘవేందర్ తరఫువాళ్ళు డాక్టరు కాగితం చూపించారు. జడ్జిగారు ఆ ఉత్తర్వునే ఖాయం చేశారు. నా మొహం వాడిపోవడం చూసి విఠల్‌రావుగారు, "జర ధైర్యముంచుండ్రి అమ్మా. ఖాయమైంది మధ్యల ఆర్డరు, దావా ఓడిపోలె. ఇప్పుడు పైకి పోదం" అన్నారు. ఆ మాట నువ్వు నెలరోజుల కిందటే అన్నావని గర్వపడకు.

ఆయన నీకు రాశాక, అప్పీలు కాగితాలూ, దానితోపాటు ఉత్తర్వు అమలు ఆపే స్టే కోసం నువ్వు రాసిన ప్రమాణపత్రం, అదే అఫిడవిట్టూ పోస్టులో వచ్చాయి. అంతా ఇంగ్లీషు. "ఇందులో ఆంధ్రా అనీ తెలంగాణా అనీ ఎక్కడన్నా ఉందేమో చూడండి" అని విఠల్‌రావుగారిని అడిగాను. ఆయన మొదటినుంచి చివరివరకూ తిరగేసి, లేదన్నారు. నా మాట విన్నావని సంతోషించి ప్రతి కాగితం మీదా సంతకం పెట్టాను. మొత్తం చదివి చెప్పనా అని ఆయన అడిగారు కూడా. మా తమ్ముడు రాసింది చదివించుకోవడమేమిటండీ అన్నాను.

బాలనాగమ్మ రోజూ వచ్చి తొడిమలు తీసి వెళుతోంది. తియ్యడానికి ఇంక తొడిమలు లేవు.

నీ క్షేమం కోరే
అక్కయ్య


భీమవరం,
20 మార్చి 1969

అక్కయ్యకు వంగగలిగినంత వంగి నమస్కారం.

చీవాట్లు అందాయి, ఆశీస్సులూ అందాయి. ఆవకాయ భయంతో ఊరి మాట తీసేశాను. అందుకు బదులు మిగతాది ఎంత గట్టిగా రాశానో నీకు తెలిస్తే నన్ను చూసి మురిసిపోతావు.

విఠల్‌రావు కింది కోర్టులో వేసిన జవాబు కాగితం, అదే కౌంటరు, చూశాను. ఎంత మర్యాదస్తుడంటే, వాది చెప్పినదాంట్లో సగం ఆయనే ఒప్పేసుకున్నాడు! మా వృత్తిలో మొదటి పాఠం ఏమిటో తెలుసా? కాదనని ప్రతి మాటా ఒప్పుకున్నట్టే లెక్క. అందుకని నేను పేరా పేరాకీ కాదన్నాను. వాది పేరు రాఘవేందర్ అన్నది తప్ప తక్కినవన్నీ కాదన్నాను.

ఇలాంటి ఉత్తర్వు ఇచ్చేటప్పుడు జడ్జి చూడవలసినవి మూడు. వాది చెప్పేదాంట్లో పైకి కనిపించేంత పస ఉందా, ఆపితే ఇబ్బంది ఎవరికి ఎక్కువ, ఏ నష్టాన్ని తరవాత ఎంత ఇచ్చినా పూడ్చలేం. ఈ మూడిట్లో మొదటిదాని కాళ్ళు విరిచేస్తే తక్కిన రెండూ వాటంతట అవే కూలబడతాయి. నేను చేసింది అదే.

నిన్న రాత్రి భోజనాల దగ్గర నీ గురించే మాట్లాడుకున్నాం. చిన్నప్పుడు నేను వీధిబడిలో దెబ్బలు తిని వస్తే, మాస్టారి ఇంటికి వెళ్ళి ఆయన్ని నిలదీసి వచ్చావు కదా. ఇన్నాళ్ళకి నీ తరఫున నేను నిలదీసే రోజు వచ్చింది. ఈ కేసు ఓడిపోతే నల్లకోటు విప్పేస్తాను.

వెనక గదికి సున్నం వేయించాను. పెరట్లో రెండు రోళ్ళు కూడా పాతించాను. ఊరికే, ఎందుకైనా మంచిదని. సుబ్బలక్ష్మి నీకోసం నులకమంచం బిగించింది.

నీ పక్షాన కలం దూసిన
జోగారావు


భీమవరం,
9 ఏప్రిల్ 1969

అక్కయ్యా!

కొట్టాం! విఠల్‌రావు టెలిగ్రాం ఇప్పుడే వచ్చింది. అప్పీలు తేలేవరకూ కింది కోర్టు ఉత్తర్వు అమలు ఆగిపోయింది. అంటే మధ్యంతరపు ఉత్తర్వు మీద ఇది ఇంకో మధ్యంతరపు ఉత్తర్వు. నవ్వొస్తే నవ్వుకో, కానీ రోకళ్ళు మాత్రం ఎత్తించు. ఈపాటికి మీ వీధి వీధంతా తుమ్ముతూ ఉండాలి.

డాక్టరు కాగితంలో తారీఖు సరిగా లేదని నేను పెట్టిన మెలికే పనిచేసిందట. దగ్గు సంగతే అనుమానంగా ఉంది కాబట్టి అప్పీలు విచారణ దాకా దంచుకోనివ్వండి అన్నారట జడ్జిగారు. బార్ రూములో అందరికీ కాఫీలు పోయించాను.

మొదటి జాడీ కారం మాకు పంపాలి సుమా.

గెలుపు ఉత్సాహంలో కుదురుగా రాయలేని
నీ తమ్ముడు


చిక్కడపల్లి,
9 ఏప్రిల్ 1969

జోగారావుకి,

ఈసారి ఆశీస్సులు లేవు. మనసు కుదుటపడితే తరవాత పంపుతాను.

సోమవారం కోర్టుకి నేనూ వెళ్ళాను. విఠల్‌రావుగారు నువ్వు రాసింది చదివారు. అంతా ఇంగ్లీషు, నాకేం తెలియలేదు. బెంచీ చివర కూర్చున్న రాఘవేందర్ మాత్రం ఉన్నట్టుండి తలెత్తి నావంక చూశాడు. ఆ చూపు నాకు బోధపడలేదు. స్టే వచ్చిందని విఠల్‌రావుగారు చెప్పారు. దండం పెట్టి ఇంటికొచ్చాను, బాలనాగమ్మకి కబురు పెట్టాను.

మర్నాడు పొద్దున కషాయం పట్టుకుని గోడ దగ్గర నిలబడ్డాను. ఆండాళమ్మగారు వచ్చింది, గ్లాసు అందుకోలేదు.

"నాకు దగ్గే లేదని కోర్టుల రాసిచ్చినవట గదా హైమమ్మా. లేని దగ్గుకు కషాయమెందుకు?" అంది.

నేను రాయలేదన్నాను.

"దస్కత్ నీదేనట గదా. ఇన్నేండ్లసంది నీ ముందల నేను నాటకమాడిన్నా? అర్ధరాత్రి లేసి కూసుండి దమ్ము కోసం కొట్టుకున్నది గుడ నాటకమేనా? నువ్వే గదా గోడ దుంకొచ్చి నా వీపు రాసినవు!"

ఆ మాట అంటూనే దగ్గు తెర కమ్ముకుంది. గోడ పట్టుకుని వంగిపోయింది. వీపు రాద్దామని చెయ్యి చాపితే తప్పుకుని లోపలికెళ్ళిపోయింది.

పరుగున నారాయణగూడ వెళ్ళి, విఠల్‌రావుగారిచేత ఆ కాగితం తెలుగులో చెప్పించుకున్నాను. వాది తల్లికి ఉబ్బసమన్నది అబద్ధమట, దావా కోసం పుట్టించిన కథట, అలాగని హైమవతి అనే నేను దైవసాక్షిగా ప్రమాణం చేసి చెబుతున్నానట! జోగారావూ, ఇది నేను అంటానా? ఆవిడ దగ్గుతుందని నీకు మొదటి ఉత్తరంలోనే రాశాను కదా. చదవలేదా? చదివీ రాశావా?

నాకు ఇంకో అనుమానం కూడా వచ్చింది. రాయకూడదనుకున్నాను, కానీ దాచుకుంటే నిద్ర పట్టడం లేదు. అప్పీలు వేస్తూనే గదికి సున్నం వేయించావు. రోళ్ళు పాతించావు. మంచం బిగించావు. గోడవతల మనిషి నాతో మాట్లాడకపోతే నేను ఈ ఇంట్లో ఉండలేనని నీకు బాగా తెలుసు. నన్ను అక్కడికి లాక్కోవడానికే ఇలా రాశావా?

స్టే వచ్చింది, దంచుకోవచ్చట. బాలనాగమ్మ రోళ్ళు కడిగి కూర్చుంది. నేనే వద్దని పంపేశాను. గెలిచి చేతులు కట్టుకు కూర్చున్నదాన్ని నన్నే చూస్తావు.

ఆ పేరా తీసెయ్యి.

హైమవతి


భీమవరం,
18 ఏప్రిల్ 1969

అక్కయ్యకు,

నేను గెలుపు డప్పు వాయిస్తూ రాసిన ఉత్తరమూ, నీ ఉత్తరమూ దారిలో ఎక్కడో ఒకదాన్నొకటి దాటుకుని ఉంటాయి. నాది నీకు ఏ పూట అందిందోనని తలచుకుంటే సిగ్గుగా ఉంది. నీది ముందు సుబ్బలక్ష్మి చదివింది. నా చేతికిచ్చి, "మీ అక్కయ్యని ఏం చేశారు?" అని మాత్రం అడిగింది. ఆవేళ కోర్టుకి వెళ్ళలేదు.

నువ్వు రాసింది చదవలేదా అని అడిగావు. చదివాను. ఆండాళమ్మగారి దగ్గూ చదివాను, కషాయమూ చదివాను. కానీ అఫిడవిట్టు రాయడానికి కూర్చునేసరికి ఆవిడ నాకు 'వాది తల్లి' అయిపోయింది. 'అబద్ధము, కల్పితము' అన్న వాక్యం నేను ఎన్ని కేసుల్లో రాశానో నాకే తెలియదు. వేలు చూపిస్తే చాలు, మా గుమాస్తా టైపు కొట్టేస్తాడు. అవతలివాళ్ళూ మాకు అలాగే రాస్తారు. సాయంత్రానికి ఇద్దరం కలిసే ఇంటికి నడుస్తాం. ఆ వాక్యం అవతల ఒక మనిషి ఉంటుందని, అది విని ఆవిడ గోడ పట్టుకుని వంగిపోతుందని నాకు ఎవరూ చెప్పలేదు. నువ్వు చెప్పావు.

సున్నం సంగతికి వస్తాను. నువ్వు ఇక్కడ ఉంటే బాగుండునని నేను అనుకోని రోజు లేదు. పండగలకి పీట వేస్తే నీ పీట కూడా వేద్దామనిపిస్తుంది. అందుకే వేయించాను. కానీ అక్కయ్యా, ఆ ఆశతో నీ కేసు చెడగొట్టేంత నీచుణ్ణి కాను. నువ్వు గెలవాలనీ రాశాను, నువ్వు రావాలనీ కోరుకున్నాను. రెండూ నిజమే. నన్ను అలా అనుమానించినందుకు నాకు చాలా కష్టం కలిగింది. నువ్వు కాక ఇంకెవరన్నా అని ఉంటే జన్మలో మాట్లాడేవాణ్ణి కాదు.

ఒక్క మాట మాత్రం ప్లీడరుగా చెప్పి తీరాలి. తారీఖు మెలిక కూడా ఆ పేరాలోదే, స్టే వచ్చింది దానివల్లనే. అది తీసేస్తే అప్పీలుకి కాళ్ళుండవు. కింది కోర్టు ఉత్తర్వు మళ్ళీ వచ్చి నీ పెరట్లో కూర్చుంటుంది, దావా తేలేవరకూ కదలదు. అంటే నీ పని పోయినట్టే. వేసవి సెలవులకి ముందే విచారణ ఉంది. నువ్వు ఏది చెబితే అది చెయ్యమని విఠల్‌రావుకి రాశాను. తీయమన్నా నేను మారు మాట్లాడను.

ఆవిడకి నా తరఫున ఏం చెప్పాలో నాకు తెలియడం లేదు. నువ్వే ఏదైనా చెప్పు.

జోగారావు


చిక్కడపల్లి,
11 మే 1969

నా బంగారు తమ్ముడు జోగారావుకు,

బాకీ పడ్డ ఆశీస్సులు కూడా కలిపి పంపుతున్నాను, అందుకో. అంత మాట అనకుండా ఉండవలసింది. కోపంలో కలం పట్టకూడదని అమ్మ చెప్పేది, నేను వినలేదు. నువ్వు రాసింది చదువుతుంటే నాకు ఏడుపొచ్చింది. ఇక ఆ మాట ఇద్దరం ఎత్తొద్దు.

విచారణ రోజున విఠల్‌రావుగారు లేచి, ఆ పేరా మేము వదులుకుంటున్నామని చెప్పారు. జడ్జిగారు కళ్ళజోడు తీసి, ఎందుకని అడిగారు. విఠల్‌రావుగారు నావంక చూశారు. నేను లేచి నిలబడ్డాను. "అయ్యా, ఆవిడకి దగ్గు ఉంది. వీపు రాసినదాన్ని, నాకు తెలుసు. అక్కడ సంతకం నాదే కానీ ఆ మాట నాది కాదు" అన్నాను.

"అయితే మీ అప్పీలులో ఇంకేం మిగిలింది?" అన్నారు జడ్జిగారు. విఠల్‌రావుగారు పాపం నా బతుకుదెరువు గురించి చాలాసేపు చెప్పారు. జడ్జిగారు ఓపికగా విన్నారు. విని, కారం పోతే ఎంత పోయిందో లెక్కకట్టి ఇవ్వొచ్చు, ఊపిరి పోతే ఎవరం ఇవ్వగలం అన్నారు. అప్పీలు కొట్టేశారు. ఆయన చెప్పింది న్యాయమేనని నాకూ అనిపించింది. నీ నల్లకోటు మాత్రం విప్పకు, సుబ్బలక్ష్మికి నిన్ను ఇంట్లో భరించడం కష్టం.

ఇంటికొచ్చి బస్తాల పక్కన కూర్చుని ఏడ్చాను. నీ దగ్గర దాపరికమేముంది? నిజం చెప్పానన్న తృప్తితో పూట గడుస్తుందా? బాలనాగమ్మకీ ఈదమ్మకీ ఇక రావొద్దని చెప్పేశాను. బాలనాగమ్మ రోలుకి పసుపు రాసి వెళ్ళింది. ఆ రాత్రి ట్రంకుపెట్టె దించి చీరలు సర్దడం మొదలుపెట్టాను. నువ్వు సున్నం వేయించిన గదికే.

మర్నాడు ఆండాళమ్మగారు వచ్చింది. గోడ దగ్గరికి కాదు, వీధిగుమ్మంలోకి. ఒక చెయ్యి కొడుకు భుజం మీద, ఇంకో చెయ్యి గోడ మీద, ఆగి ఆగి వచ్చి నా పీటమీద కూర్చుంది. ఊపిరి సర్దుకునేదాకా విసనకర్రతో విసిరాను.

తరవాత అంది: "నా దమ్ము మీద ఇందరు కొట్లాడిండ్రు. జడ్జి నన్ను అడగలె. కన్నకొడుకు అడగలె. ఉన్నదున్నట్టు చెప్పినవు గని నువ్వు గుడ అడగలె హైమమ్మా. దమ్ము నాదే గదా? నేనేడికి పోతే అదాడికే వస్తది. నా బిడ్డ ఇల్లు బర్కత్‌పురల లేదా? నువ్వు దంచే దినాలేవో నాకు చెప్పు. ఆ దినాలు నేను బిడ్డతాన ఉంట."

జోగారావూ, ఇంతమంది చదువుకున్నవాళ్ళం, ఇన్ని కాగితాలు రాసుకున్నాం. ఈ మాట ఒక్కరికి తోచిందా? నాకూ తోచలేదు కదా!

కూతురి ఇంటికేనన్నా రాఘవేందర్ ఒప్పుకోలేదు. "నీ ఇల్లిడిచిపెట్టి నువ్వెందుకు పోవాలె అమ్మా?" అన్నాడు. కళ్ళనిండా నీళ్ళు.

"నా బిడ్డ ఇంటికి నేను పోనీకె గుడ నీ ఆర్డరు గావాల్నా?" అంది.

"మరి నామీద కోపం పోయిందా?" అని అడిగాను.

"నువ్వు జడ్జి ముందల లేసి చెప్పినవని వీడు చెప్పిండు. సగం పోయింది. ఇంక సగమున్నది" అంది. నీ తరఫున కూడా క్షమించమని అడిగాను. "మీ తమ్మునికి దగ్గొస్తే తెలుస్తది" అంది. అది శాపం కాదు, నవ్వుతూనే అంది.

సెలవులిచ్చేలోగా రెండు పక్షాల ప్లీడర్లూ కలిసి ఒక కాగితం రాసి కింది కోర్టులో ఇచ్చారు. ఆవిడ బర్కత్‌పురలో ఉన్న రోజుల్లో నేను దంచుకోవచ్చు, ముందుగా చెప్పాలి, ఆవిడ తిరిగి రాకముందు పెరడు కడిగించాలి. జడ్జిగారు అలాగే ఉత్తర్వు మార్చారు. విఠల్‌రావుగారు, "అప్పీలు ఓడిపోయి గింత సంతోషపడ్డ పార్టీని నేను చూడలె" అన్నారు. కాబట్టి నేను భీమవరం రావడం లేదు నాయనా. చీరలు మళ్ళీ బీరువాలోకి వెళ్ళాయి. ఆ గది ఎవరైనా మంచివాళ్ళకి కిరాయికియ్యి. కోర్టు సెలవులే కదా, నువ్వూ సుబ్బలక్ష్మీ వచ్చి నా దగ్గర పదిరోజులుండండి. నీ పీట నేనూ వేస్తాను.

మొన్న బుధవారం పొద్దున ఆండాళమ్మగారు మూట కట్టుకుని రిక్షా ఎక్కింది. ఆ రిక్షా వీధి మలుపు తిరిగాక బాలనాగమ్మ మొదటి పోటు వేసింది. ఇన్ని నెలల తరవాత ఆ చప్పుడు వింటే ప్రాణం లేచొచ్చింది. కాసేపే. జల్లెడ పడుతున్నాను కానీ నా చెవి గోడవైపే ఉంది. దగ్గు వినబడదేం? దంచినప్పుడల్లా వినబడే దగ్గు వినబడకపోతే, ఏదో కాని పని చేస్తున్నట్టు నాకు చేతులాడలేదు. మధ్యాహ్నానికి ఉండబట్టలేక, పని వాళ్ళిద్దరికీ అప్పగించి, తలారా స్నానం చేసి ఉతికిన చీర కట్టుకుని బర్కత్‌పుర వెళ్ళాను.

ఆవిడ కూతురి ఇంటి వరండాలో గోడకి ఆనుకుని కూర్చుని ఉంది. ఏం, ఎందుకొచ్చావు అని అడగలేదు. జరిగి చోటిచ్చింది. పక్కన కూర్చున్నాను. ఆవిడ ఊపిరి నిమ్మళంగానే ఆడుతోంది. ఎంతసేపు కూర్చున్నానో, నాకు లేవాలనిపించలేదు. చివరికి ఆవిడే నా మోకాలి మీద ఒక్కటి చరిచింది.

"ఇద్దరం ఈడ్నే కూసుంటే ఆడ కారం ఎవలు చూస్తరు? లే, పో" అంది.

లేచి వచ్చేశాను.

మీ ఇద్దరికోసం దారి చూసే
అక్కయ్య హైమ